మూడో వరసలో నిలబడి విన్న సలిల్‌దా

ఖరగ్‌పూర్ రైల్వే క్వార్టర్లలో పుట్టి పెరిగిన మాలాంటి తెలుగువాళ్ళకు పాట ఎప్పుడూ రెండు భాషల్లో వినిపించేది. బెంగాల్ నాగపూర్ రైల్వే ఉన్న రోజుల్లోనే శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం ప్రాంతాల నుంచి వర్క్‌షాపు పనికి తరలివచ్చిన కుటుంబాలు మావి. తెల్లవారుజామున మా అమ్మ పొయ్యి ముట్టిస్తూ తన అమ్మమ్మ నుంచి నేర్చుకున్న మేలుకొలుపు పాడుకుంటూ ఉండగానే, గోడకు అవతలి ఇంట్లో, మేము కాకీమా అని పిలుచుకునే బెంగాలీ పిన్ని తన కూతురికి హార్మోనియం మీద రవీంద్ర సంగీతం నేర్పుతూ ఉండేది. ఏ పాట మనది, ఏ పాట పరాయిది అనే ఆలోచన మాకు ఆ వయసులో రాలేదు. ఆ ఆలోచన వచ్చే వయసుకు, అందరూ సలిల్‌దా అని పిలుచుకునే బెంగాలీ సంగీత దర్శకుడు సలిల్ చౌధురి పాటలు నాకు బాగా దగ్గరైపోయాయి. అందువల్లనే కావచ్చు, ఒక మనిషి బెంగాల్‌లో పుట్టి, వేరే భాషలో, వేరే సముద్రపు ఒడ్డున అంత గాఢంగా నాటుకుపోగలిగాడన్నది నాకు వింతగా కాక, ఎరిగిన సంగతిలాగానే తోచింది.

దుర్గాపూజకు ముందు ప్రతి ఏటా గ్రామఫోన్ కంపెనీలు కొత్త పాటల రికార్డులు విడుదల చేయడం బెంగాల్‌లో ఆనవాయితీ. ఆ పాటల మాటలు, గాయకుల ఫొటోలు కలిపి హెచ్‌ఎంవీ వాళ్ళు ‘శారద్ అర్ఘ్య’ అనే చిన్న పుస్తకం వేసేవారు. కాకీమా ఆ పుస్తకాలన్నిటినీ ఒకదాని మీద ఒకటి పేర్చి, పాత చీర ముక్కలో చుట్టి, బీరువాలో పట్టుచీరల కింద దాచుకునేది. చేతులు కడుక్కుని వస్తేనే మాకు చూపించేది. నేను బెంగాలీ అక్షరాలు కూడబలుక్కుని చదవడం నేర్చుకున్నది బడి పుస్తకంలో కంటే ఆ పాటల పుస్తకాల్లోనే ఎక్కువ. ‘సుర్’, అంటే బాణీ, అన్న మాట పక్కన సలిల్ చౌధురి పేరు కనబడితే ఆ పేజీ మూల మడిచి ఉండేది. పుస్తకాన్ని అంత అపురూపంగా చూసుకునే మనిషి పేజీ మూల మడిచిందంటే ఆ పాట మీద ఎంత మమకారమో అర్థం చేసుకోవచ్చు.

ఆమె దగ్గర ఉన్న పాత రికార్డుల్లో హేమంత ముఖర్జీ పాడిన ‘గాయేర్ బొధూ’ ఒకటి. 1949లో వచ్చిన ఆ పాట ఒక పల్లెటూరి కొత్తకోడలి కథ. రికార్డు ఒక వైపున పట్టక రెండు వైపులా పరుచుకున్న పాట అది. మొదటి వైపు పూర్తికాగానే కాకీమా లేచి, ముల్లు పక్కకు తీసి, రికార్డు తిప్పి, కొంగుతో మెల్లగా దుమ్ము తుడిచి మళ్ళీ పెట్టేది. ఆ కాసేపట్లో గదిలో ఎవరూ మాట్లాడేవారు కాదు. అప్పటివరకు ధాన్యంతో, పండుగలతో కళకళలాడిన ఇంట్లోకి ఇప్పుడు కరవు అడుగుపెట్టబోతోందని అందరికీ తెలుసు. 1943 బెంగాల్ కరవును కళ్ళారా చూసిన తరం ఆమెది. రెండో వైపు లయ మారి, ఆ మార్పుకు తగినట్టు హేమంత బాబు గొంతు బరువెక్కుతుంటే, ఆమె కిటికీ వైపు తిరిగి కూర్చునేది. సినిమా కోసం కాక, ఏ సన్నివేశపు ఆసరా లేకుండా ఒక పాట ఒంటరిగా నిలబడి ఇంత కథ చెప్పగలదని నాకు తెలిసింది ఆ గదిలోనే.

సలిల్‌దా బాల్యం అస్సాం తేయాకు తోటల్లో గడిచింది. తండ్రి అక్కడ వైద్యుడు. తోటల్లో పనిచేసిన ఒక ఐరిష్ వైద్యుడు దేశం విడిచి వెళ్తూ వదిలిన గ్రామఫోనూ, పాశ్చాత్య శాస్త్రీయ సంగీతపు రికార్డులూ ఆ ఇంటికి చేరాయి. ఇంట్లో బీథోవెన్, మొజార్ట్. గుమ్మం దాటితే తోట కూలీల పాటలు, డప్పులు. తండ్రి ఆ కూలీలతోనే నాటకాలు వేయించేవాడట. రెండు సంస్కృతుల మధ్య పనిచేసిన సంగీత దర్శకుడని అందరూ ఆయన కేరళ ప్రయాణాన్ని తలుచుకుని అంటారు గానీ, నా లెక్క ప్రకారం ఆ పని ఆయన చిన్ననాడే మొదలైంది. ఆ పిల్లవాడు వేణువు పట్టుకున్ననాటికే ఒక చెవిలో సింఫనీ, మరొక చెవిలో తోట కూలీల పాట స్థిరపడి ఉన్నాయి. ఆ తరువాత కలకత్తాలో చదువు, కరవు, రైతు ఉద్యమాలు, వామపక్ష కళాకారుల నాటక సంఘం ఇప్టా. మన వైపు ప్రజా నాట్యమండలి ఊరూరా తిరిగి బుర్రకథలు చెబుతున్న రోజుల్లోనే, అదే ఇప్టా నీడలో, బెంగాల్ పల్లెల్లో ఆయన పాటలు కట్టి పాడించారు. ఇరవై ఏళ్ళకే కన్నుమూసిన కవి సుకాంత భట్టాచార్య రాసిన ‘రానర్’ కవితకు ఆయన కట్టిన బాణీ ఆ కాలపుదే. ఉత్తరాల సంచి మోస్తూ రాత్రంతా పరుగెత్తే టపా మనిషి మీద రాసిన కవిత అది. రైలు చప్పుడు మధ్య బతికే మాకు ఆ పాటలోని పరుగు ప్రత్యేకంగా ఎవరూ వివరించనవసరం లేకపోయింది.

నేను ఆయన సంగీతంలోకి వినేవాడిగా కాక పాడేవాడిగా అడుగుపెట్టింది 1974 మే నెలలో. మే 8న దేశమంతటా రైల్వే సమ్మె మొదలైంది. మా నాన్న వర్క్‌షాపులో టర్నర్. సమ్మె నాటికి నాకు పధ్నాలుగేళ్ళు. జీతాలు ఆగిపోయి, పోలీసులు క్వార్టర్ల వెంట తిరుగుతున్న ఆ రోజుల్లో సాయంత్రాలు మాత్రం ఎవరో ఒకరి వరండాలో పాట సాగేది. నాన్నతో కలిసి పనిచేసే ఒక బెంగాలీ కాకా, వయసులో ఉండగా ఇప్టా బృందంతో తిరిగినవాడు, మా పిల్లలనూ పెద్దలనూ మూడు వరసలుగా నిలబెట్టి ‘ఢేవు ఉఠ్‌ఛే’ నేర్పాడు. 1946 జూలై 29న కలకత్తాలో జరిగిన సార్వత్రిక సమ్మె కోసం సలిల్‌దా కట్టిన పాట అది. అల లేస్తోంది, చెరసాల కూలుతోంది అనేది దాని ఎత్తుగడ.

నన్ను మూడో వరసలో నిలబెట్టారు. మొదటి వరసవాళ్ళకు అందరికీ తెలిసిన అసలు బాణీ. రెండో వరసవాళ్ళు వాళ్ళకు బదులు పలకాలి. మా మూడో వరసకు ఇచ్చింది కింది స్థాయిలో మెల్లగా కదిలే ఒక స్వరాల గొలుసు. విడిగా పాడితే అది పాటలాగే ఉండదు. తప్పు పాడుతున్నామేమోనని అనుమానం వస్తుంది. నేను రెండుసార్లు తెలియకుండానే మొదటి వరస బాణీలోకి జారిపోయాను. కాకా వచ్చి నా భుజం మీద చెయ్యి వేసి, “పక్కవాడు పాడేది విను, కానీ నీది వదలకు” అన్నాడు. ఆ తరువాత మూడు వరసలూ ఒకేసారి ఎత్తుకున్నప్పుడు, నేలలోంచి ఏదో కదిలి నా అరికాళ్ళలోంచి పైకి వచ్చినట్టయింది. మన భజనలో, కోలాటంలో అందరం ఒకే స్వరం పట్టుకుని పాడతాం, ఆ ఆనందం వేరు. ఇక్కడ ముగ్గురిదీ మూడు దారులు, అయినా పాట ఒక్కటే. దాన్ని హార్మనీ అంటారని నాకు చాలా ఏళ్ళ తరువాత తెలిసింది. సమ్మె ఇరవై రోజులకు ఆగిపోయింది. నాన్న తిరిగి పనిలో చేరడానికి ఎంత యాతన పడ్డాడో ఇక్కడ రాయను. ఆ వరండా మాత్రం నాతో ఉండిపోయింది.

ఆయన బొంబాయి జీవితం గురించి అందరికీ తెలిసినదే కాబట్టి నేను ఎక్కువ చెప్పను. తాను రాసిన ‘రిక్షావాలా’ కథ ఆధారంగా బిమల్ రాయ్ ‘దో బీఘా జమీన్’ తీసినప్పుడు, 1953లో, కథకుడిగానూ సంగీత దర్శకుడిగానూ ఆయన హిందీ సినిమాలోకి వచ్చారు. 1958లో ‘మధుమతి’ వచ్చింది, ఫిల్మ్‌ఫేర్ అవార్డు వచ్చింది, దేశమంతా ఆయన పేరు మారుమోగింది. అదే బొంబాయిలో ఆయన యూత్ కోయిర్ స్థాపించి, జీతం భత్యం లేని కుర్రకారు చేత బృందగానాలు పాడించడం నాకు ‘మధుమతి’ కంటే విలువైన సంగతిగా కనిపిస్తుంది. పాటలే లేని ‘కానూన్’, ‘ఇత్తెఫాక్’ సినిమాలకు నేపథ్య సంగీతం సమకూర్చడానికి నిర్మాతలు ఆయన్నే వెతుక్కుంటూ వచ్చారు. మాటల ఊతం లేకుండా వాద్యాలతోనే కథ నడపగలవాడని తోటివాళ్ళు గుర్తించారన్నమాట.

సమ్మె జరిగిన ఏడాదే దసరా సెలవులకు మేము విజయనగరం వెళ్ళాం. పెదనాన్న ఇంట్లో రేడియో, విశాఖపట్నం కేంద్రం, సాయంత్రపు సినిమా పాటలు. ‘చైర్మన్ చలమయ్య’ సినిమాలోని ‘నయనాలు కలిసె తొలిసారి’ అన్న పాట వస్తోంది. బాలసుబ్రహ్మణ్యం, సుశీల పాడుతున్నారు. అరుగు మీద పడుకుని ఉన్న నాన్న ఒక్కసారిగా లేచి కూర్చుని, “ఒరే, ఇది మన సలిల్‌దా కట్టిందిరా. ఇనబడతందా ఎనకాల ఆ వాయిద్యం? ఇంకెవులు కడతారలాగ!” అన్నాడు. పెదనాన్న నమ్మలేదు. బెంగాలీవాడు తెలుగు పాట ఎలా కడతాడని వాదించాడు. పాట అయ్యాక రేడియోలో సంగీత దర్శకుడి పేరు చదివారు. నాన్న ముఖంలో ఆ క్షణాన కనిపించిన గర్వం, నాకు తరువాత ఉద్యోగం వచ్చిన రోజున కూడా చూడలేదు. ఊళ్ళో అందరూ మమ్మల్ని బెంగాలీవాళ్ళనీ, ఖరగ్‌పూర్‌లో తెలుగువాళ్ళనీ అనేవారు. ఇటు నుంచి అటు వెళ్ళిన మాకు, అటు నుంచి ఇటు వచ్చిన ఆ పాట చుట్టం వచ్చినట్టనిపించింది. తెలుగులో ఆయన చేసిన పని చాలా తక్కువ. మనకు ఆ బంధం బలపడకుండానే పోయిందన్న బాధ నాకు నేటికీ ఉంది.

ఆయనను బలంగా పట్టుకుని తమవాడిని చేసుకున్నది కేరళ. ఆ సంగతి నాకు 1984లో, ఉద్యోగరీత్యా కొచ్చికి బదిలీ అయినప్పుడు గాని పూర్తిగా తెలియలేదు. ఫోర్ట్ కొచ్చిలో ఒక పెద్దావిడ ఇంట్లో మేడ మీద గది అద్దెకు తీసుకున్నాను. అందరూ పిలిచినట్టే నేనూ ఆమెను చేచ్చీ, అంటే అక్కా, అని పిలిచేవాణ్ణి. ఒక ఆదివారం ఆమె చేపలు కడుగుతూ ‘కడలినక్కరె పోణోరే’ కూనిరాగం తీస్తుంటే, ఆ పాట కట్టింది మా బెంగాల్ ఆయన అని సంబరంగా చెప్పాను. ఆమె చేయి ఆపి, నన్ను కాసేపు చూసి, “సలిల్‌దా మావాడు. ఆయన లేకపోతే మాకు ఓణం ఎక్కడిది?” అంది. ఆయన బెంగాలీ అని ఆమెకు తెలియక కాదు. అది ఆమె లెక్కలోకి రాలేదు, అంతే. ‘విషుక్కణి’ సినిమాలో శ్రీకుమారన్ తంపి రాయగా యేసుదాస్ పాడిన ‘పూవిళి పూవిళి పొన్నోణమాయి’ పాట వినిపించని ఓణం కేరళలో ఉండదని ఆ ఏడాదే నాకు అనుభవమైంది. మన సంక్రాంతి ముగ్గుల దగ్గర పాడుకునే పాటను ఒక బెంగాలీ కట్టాడని ఊహించుకుంటే దాని లోతు మనకు అర్థమవుతుంది.

ఆయనను కేరళకు తీసుకొచ్చింది ‘చెమ్మీన్’. తకళి శివశంకర పిళ్ళై నవలను 1965లో రాము కరియాట్ సినిమాగా తీశారు. దక్షిణాది నుంచి రాష్ట్రపతి స్వర్ణపతకం అందుకున్న మొట్టమొదటి చిత్రం అది. దాని వెనుక పనిచేసినవారి పేర్లు చూస్తే ఒక చిన్న భారతదేశం కనబడుతుంది. కెమెరా మన ‘మాయాబజార్’కు వెన్నెల కురిపించిన మార్కస్ బార్ట్‌లీ. కూర్పు బొంబాయి నుంచి హృషీకేశ్ ముఖర్జీ. పాటలు వయలార్ రామవర్మ. ‘మానస మైనే వరూ’ పాడినవాడు మన్నా డే. ఆ పాటకు మలయాళ ఉచ్చారణ దిద్దినది కణ్ణూరు నుంచి వచ్చిన ఆయన భార్య సులోచన అని కేరళలో అందరూ ఇష్టంగా చెప్పుకుంటారు. ఇంట్లోనే రెండు భాషలున్న గాయకుడు కాబట్టి, ఒకటి రెండు అక్షరాలు తడబడినా ఆ పిలుపులో పరాయితనం లేదు.

ఆ సినిమా నేను మొదటిసారి చూసింది కొచ్చిలో, పాత చిత్రాల ప్రదర్శనలో. ప్రింటు అరిగిపోయి, ధ్వని మధ్యమధ్య గరగరలాడుతోంది. ‘పుత్తన్ వలక్కారే’ మొదలైంది. కొత్త వలలు పట్టుకున్న జాలరుల పాట. యేసుదాస్, ఉదయభాను, పి. లీల, శాంతా నాయర్ గొంతులు ఒకరి మాట ఒకరు అందుకుంటున్నాయి. పి. లీల అంటే మన ‘లవకుశ’ లీలే. పాట వింటూ ఉండగా నా చూపు తెర మీద ఉంది గానీ, చెవి వేరే చోటికి పోయింది. వెనుక నుంచి బృందం అందుకునే తీరు నేను ఎరిగినదే. ఒక వరస పిలుస్తుంది, ఇంకొక వరస పలుకుతుంది. నాకు తెలియకుండానే గొంతులో మూడో వరస సన్నగా కదిలింది. పదేళ్ళ కిందటి వరండా, కాకా నా భుజం మీద వేసిన చెయ్యి, జీతం లేని ఇళ్ళలో ఉడుకుతున్న అటుకుల వాసన, అన్నీ ఆ చీకటి హాలులోకి వచ్చాయి.

సలిల్‌దా బెంగాల్ పడవ పాటల బాణీలను తెచ్చి కేరళకు ఇచ్చారని చాలామంది రాస్తారు. నేను ఆ మాటతో పూర్తిగా ఏకీభవించను. బాణీలు ప్రయాణం చేశాయి, నిజమే. అంతకంటే పెద్దది ఒకటి ప్రయాణం చేసింది. పదిమంది శ్రామికులు కలిసి పాడితే అది కథానాయకుడి వెనుక అలంకారం కాదనీ, వాళ్ళ పాటే కథ అనీ ఇప్టా రోజుల్లో ఆయన నేర్చుకున్న నమ్మకం అది. దాన్ని అందుకోవడానికి కేరళ సిద్ధంగా ఉంది. 1952లో ‘నింగళెన్నె కమ్యూనిస్టాక్కి’ నాటకంతో ఊళ్ళకు ఊళ్ళను కదిలించిన కేపీఏసీ బృందం అక్కడిది. ఆ బృందానికి పాటలు రాసిన ఓఎన్‌వీ కురుప్ తరువాతి కాలంలో సలిల్‌దా బాణీలకు ఎన్నో పాటలు రాశారు. కలకత్తా ఇప్టా, మన ప్రజా నాట్యమండలి, కేరళ కేపీఏసీ ఒకే కాలువ నుంచి నీళ్ళు తాగిన పొలాలు. పొలం మారినా ఆయనకు నీరు కొత్త కాలేదు.

అయితే ఆయన పద్ధతి అందరికీ నచ్చలేదు. మా ఆఫీసులో సాహిత్యమంటే ప్రాణం పెట్టే, మేము చేట్టన్ (అన్న) అని పిలిచే ఒకాయనతో నాకు దీని మీద భోజన విరామాల్లో పెద్ద వాదాలే జరిగేవి. అప్పటిదాకా మలయాళంలో కవి ముందు పాట రాసేవాడు, సంగీత దర్శకుడు దానికి బాణీ కట్టేవాడు. వయలార్, దేవరాజన్ జంట ఆ తీరులోనే చిరస్థాయిగా నిలిచే పాటలు ఇచ్చింది. సలిల్‌దా బాణీ ముందు కట్టి, దానికి మాటలు రాయించేవారు. “మా కవి చేత కొలతలిచ్చి బట్టలు కుట్టించాడయ్యా మీ బెంగాలీ” అనేవాడు చేట్టన్. ఆయన మాటలో కొంత న్యాయం ఉంది. ఆ పాటల్లో అక్కడక్కడ హ్రస్వం రావలసిన చోట రాగం సాగి దీర్ఘమవుతుంది, మాట విరగకూడని చోట విరుగుతుంది. తెలుగులో బాణీకి మాట రాయడం అలవాటైన మనకు అది అంత పెద్ద తప్పుగా తోచదు గానీ, పద్యపు చెవి ఉన్నవాడికి ముల్లులా గుచ్చుకుంటుంది. అయినా ‘మదనోత్సవం’లో ఓఎన్‌వీ రాసిన ‘సాగరమే శాంతమాక నీ’ వినిపించినప్పుడల్లా చేట్టన్ వాదన ఆపేసి డబ్బా మూత పెట్టేసేవాడు. ఆ బాణీలో ప్రతి స్వరం వెళ్ళకూడని చోటికి వెళ్తున్నట్టే కనబడి, చివరకు అక్కడికి తప్ప ఇంకెక్కడికీ వెళ్ళలేదనిపిస్తుంది. అలాంటి బాణీకి ఒదిగిన కవి చిన్నవాడు కాలేదని నేను అనేవాణ్ణి. ఓఎన్‌వీ పాటలే నాకు సాక్ష్యం.

ఇంకొక ఆరోపణ, ఒకే బాణీని నాలుగు భాషల్లో అమ్ముకున్నాడని. కాకీమా పుస్తకాల మధ్య పెరిగినవాణ్ణి కాబట్టి దీనికి నా దగ్గర జవాబు ఉంది. లతా మంగేష్కర్ బెంగాలీలో పాడిన ‘నా జేయో నా’, హిందీ ‘పరఖ్’లో ‘ఓ సజనా బర్ఖా బహార్ ఆయీ’ ఒకే బాణీ. బెంగాలీ ‘నా మోన్ లాగే నా’ తరువాత ‘ఆనంద్’లో ‘నా జియా లాగే నా’ అయింది. రెండింటినీ పక్కపక్కన పెట్టి శ్రద్ధగా వినండి. వెనుక వాద్యాల నడక, మధ్య సంగీతం, కొన్నిచోట్ల లయ బరువు మారతాయి. పిల్లకు పెళ్ళి చేసి వేరే ఊరు పంపినప్పుడు ఆ ఊరి వాతావరణానికి తగ్గ బట్టలు పెట్టి పంపినట్టు ఆయన బాణీని సిద్ధం చేసి పంపేవారు. మొజార్ట్ 40వ సింఫనీ ఎత్తుగడ మీద ‘ఛాయా’లో కట్టిన ‘ఇత్నా న ముఝ్ సే తూ ప్యార్ బఢా’ పాటకు కూడా ఆయన అదే చేశారు. తేయాకు తోటలో విన్న రికార్డు అది, దాచుకోవలసినంత పరాయిది కాదు ఆయనకు.

మలయాళం సినిమాల కోసం ఆయన మద్రాసు వచ్చినప్పుడు, ఆర్కెస్ట్రా నడిపి సాయపడినవారిలో ఆర్.కె. శేఖర్ ముఖ్యులు. గిటార్ వాయించినవారిలో అప్పటికి సినిమాకు సంగీతం చేయని ఇళయరాజా ఒకరు. శేఖర్ కుమారుడే ఏ.ఆర్. రెహ్మాన్. బెంగాల్ మనిషి ఒకరు మలయాళ పాట కోసం మద్రాసు రికార్డింగ్ థియేటరులో స్వరాలు పంచుతుంటే, ఆ గదిలో దక్షిణాది సినిమా సంగీతపు రాబోయే యాభై ఏళ్ళు వింటూ కూర్చున్నాయన్నమాట. ‘నెల్లు’ సినిమాలో ‘కదళీ చెంకదళీ’ పాడించి లతా మంగేష్కర్‌ను, ‘స్వప్నం’తో వాణీ జయరామ్‌ను మలయాళానికి పరిచయం చేసినది కూడా ఆయనే.

నాన్న రిటైర్ అయ్యాక ఒకసారి నా దగ్గరికి కొచ్చి వచ్చాడు. సముద్రపు ఒడ్డున చీనా వలల దగ్గరికి తీసుకెళ్ళాను. పొడుగాటి దుంగలకు కట్టిన ఆ వల పైకి లేవాలంటే అయిదారుగురు తాళ్ళు పట్టి లాగాలి. ఎదురు బరువుగా తాళ్ళకు రాళ్ళు వేలాడుతుంటాయి. యంత్రం పనివాడు కాబట్టి నాన్న ముందు ఆ రాళ్ళను లెక్కపెట్టి, ఏ రాయి ఎప్పుడు లేస్తుందో చూశాడు. తరువాత లాగేవాళ్ళ కేకలు విన్నాడు. ఒకడు పిలుస్తాడు, మిగిలినవాళ్ళు బదులిస్తారు, ఆ బదులు మీద తాడు ఒక మూర వస్తుంది. “ఈళ్ళు గానీ ఒకళ్ళ మాట ఒకళ్ళు ఇనకపోతే వల లేవదురా” అన్నాడు. కాసేపాగి, నేను వద్దంటున్నా వెళ్ళి తాడు చివర పట్టుకున్నాడు. వాళ్ళు నవ్వి చోటిచ్చారు. ఆ కేకలో మలయాళం మాట ఏమిటో ఆయనకు తెలియదు. సరైన చోట మాత్రం తప్పకుండా అందుకున్నాడు.

1995 సెప్టెంబరు 5న సలిల్‌దా కలకత్తాలో కన్నుమూశారు. కేరళలో అవి ఓణం రోజులు. వాకిళ్ళలో పూల ముగ్గులు, కూడలిలో క్లబ్బు కుర్రాళ్ళు కట్టిన మైకులు. మర్నాడు పొద్దున చేచ్చి పేపరు చేతిలో పట్టుకుని మేడ మెట్లెక్కి వచ్చింది. ఏమీ అనలేదు. నా చేతికి పేపరు ఇచ్చి, అక్కడే పై మెట్టు మీద కూర్చుంది. ఆమె చేతి వేళ్ళకు ముగ్గులో పరిచిన పూల రంగు ఇంకా అంటుకునే ఉంది. కింద మైకులో ‘పూవిళి’ వస్తోంది. దాన్ని ఎవరూ ఆపలేదు, ఆపాలని ఎవరికీ తోచలేదు. మధ్యాహ్నం నుంచి క్లబ్బు కుర్రాళ్ళు వరసగా ఆయన పాటలే వేశారు.

సాయంత్రం కూడలిలోని ఎస్‌టీడీ బూతుకు వెళ్ళి ఖరగ్‌పూర్‌లో మా పక్కింటికి ఫోన్ చేశాను. నాన్నను పిలిచారు. ఆయనకు అప్పటికే తెలుసు. కాకీమా పొద్దున్నే ‘గాయేర్ బొధూ’ పెట్టిందనీ, రికార్డు తిప్పలేక మొదటి వైపుతోనే ఆపేసిందనీ చెప్పాడు. ఆ తరువాత ఇద్దరికీ మాట రాలేదు. బూతు గోడ మీద ఎర్ర అంకెలు మారుతున్నాయి. అప్పుడే బయట మైకులో ‘పుత్తన్ వలక్కారే’ మొదలైంది.

“ఏటదీ, ఎనకాల వస్తోంది?” అన్నాడు నాన్న.

“ఆయనదే. జాలరుల పాట.”

బూతు తలుపు తెరిచి, వైరు సాగినంత మేర రిసీవరును బయటికి చాపి పట్టుకున్నాను. కాసేపయ్యాక చెవి దగ్గర పెట్టుకుంటే నాన్న గొంతు వినిపించింది.

“పాడేవోళ్ళు ఇనబడతన్నారు గానీ, ఎనక వరసోళ్ళు ఇనబడట్లేదురా. ఇంకొంచెం బయటికెట్టు.”